ఆట ఖాతాను తెంచుకోవడం: త్యాగంపై ఒక విచారణ

ఒక వస్తువును దూరంగా ఉంచడం, దానిపై హక్కును వదులుకోవడం, దాని మీది రుచిని పోగొట్టుకోవడం అనే మూడింటినీ భారతీయ తత్త్వచింతన వేర్వేరు క్రియలుగానే పరిగణించింది. ఒకటి జరిగితే మిగిలిన రెండూ వాటంతట అవే సమకూరుతాయని ఏ సంప్రదాయమూ హామీ ఇవ్వలేదు. ఫోన్‌లోంచి ఒక ఆట ఖాతాను తొలగించుకోదలచిన వ్యక్తి ఎదుర్కొనే ప్రశ్న పైకి సాంకేతికమైనదిగా కనిపించినా, అతడు నొక్కే మీట ఈ మూడింటిలో దేన్ని నెరవేరుస్తుందని అడిగిన మరుక్షణం అది వైరాగ్యానికి సంబంధించిన పాత ప్రశ్నే అవుతుంది. ఆ ప్రశ్నకు గీత, జైన బౌద్ధ గ్రంథాలు, ధర్మశాస్త్రాలు ఇచ్చిన సమాధానాలు ఒకదానితో ఒకటి పూర్తిగా ఏకీభవించవు కాబట్టి, వాటిని పక్కపక్కన పెట్టి చూడడం అవసరం.

ఆటను తీసేశామని చెప్పేవారు నాలుగు వేర్వేరు పనుల్లో ఏదో ఒకటి చేసి ఉంటారు. అన్‌ఇన్‌స్టాల్ చేయడమంటే ఆట తాలూకు సాఫ్ట్‌వేర్‌ను ఫోన్‌లోంచి తీసివేయడం మాత్రమే. ఆటగాడి స్థాయి, సంపాదన, పేరు అన్నీ సంస్థ సర్వర్లో యథాతథంగా ఉంటాయి. లాగౌట్ అంటే ఆ ఫోన్ నుంచి ఖాతాలోకి ఉన్న ప్రవేశాన్ని మూసివేయడం. అన్‌లింక్ లేదా డిస్‌కనెక్ట్ అంటే ఆట ఖాతాకూ, ఆటగాడిని గుర్తుపట్టడానికి ఆధారంగా నిలిచిన గూగుల్, ఫేస్‌బుక్ వంటి ఖాతాకూ మధ్య ఉన్న ముడిని విప్పడం. డిలీట్ అంటే సర్వర్లో ఉన్న ఖాతానే తుడిచివేయమని సంస్థను కోరడం. మొదటి మూడింటిలో ఖాతా బతికే ఉంటుంది, నాలుగోదానిలో మాత్రమే అది అంతమవుతుంది. అయినా చాలామంది మొదటి పనితోనే ఆగిపోయి, మొత్తం వదిలేశామని నమ్ముతారు.

ఈ తేడా ఎంత లోతైనదో తెలియడానికి ఫిన్లాండ్‌కు చెందిన సూపర్‌సెల్ సంస్థ 2012లో విడుదల చేసిన క్లాష్ ఆఫ్ క్లాన్స్ ఆటను కాస్త దగ్గరగా చూడవచ్చు. ఇందులో ఆటగాడు ఒక ఊరు కట్టుకుంటాడు. బంగారు గనులు, ఎలిక్సిర్ అనే ద్రవాన్ని పోగుచేసే యంత్రాలు, చుట్టూ గోడలు, ఫిరంగులు ఏర్పరచుకుంటాడు. ఇతరులు ఆ ఊరిపై దాడి చేసి దోచుకోగలరు, అదీ యజమాని ఆటలో లేని వేళనే. సూపర్‌సెల్ ఐడీ అనే గుర్తింపు ఒక ఈమెయిల్ చిరునామాకు ముడిపడి ఉంటుంది కనుక, ఆటను తీసివేసినా, ఫోన్ మార్చినా, ఆ చిరునామాకు వచ్చే ఆరంకెల కోడ్ కొట్టగానే ఊరు మళ్లీ ప్రత్యక్షమవుతుంది. ఈలోగా గనులు నిండి, తీసుకునేవారు లేక అలాగే పడి ఉంటాయి. దాడి చేయడానికి ఊళ్లను వెదికే ఆటగాళ్లు అటువంటిదాన్ని ‘డెడ్ బేస్’ అని పిలుస్తారు, సులువుగా దోపిడీ దొరుకుతుంది కాబట్టి దాన్నే ఏరి మరీ ఎంచుకుంటారు. వదిలి వెళ్లినవాడి ఊరు ఆ విధంగా అపరిచితుల తెరల మీద కొంతకాలం తిరుగుతూనే ఉంటుంది. దూరంగా ఉంచడం జరిగింది, కానీ ఊరు మాత్రం ఇంకా అతడి పేరుతోనే ఉంది.

అతడి పేరుతో ఉన్నది అతడిదేనా అన్నది తరువాతి ప్రశ్న. వస్తువుకూ యజమానికీ మధ్య ఉండే సంబంధాన్ని ధర్మశాస్త్రం స్వత్వం అంటుంది. యాజ్ఞవల్క్య స్మృతికి విజ్ఞానేశ్వరుడు రాసిన మితాక్షర వ్యాఖ్య, 13వ శతాబ్దంలో కేతన చేతుల మీదుగా ‘విజ్ఞానేశ్వరము’ పేరుతో తెలుగులోకి వచ్చిన ఆ గ్రంథం, స్వత్వం లౌకికమని, అంటే శాస్త్రవాక్యం వల్ల మాత్రమే గాక లోకవ్యవహారం వల్లనే తెలియవచ్చే విషయమని వాదించింది. తన స్వత్వాన్ని ఉపసంహరించుకుని ఇతరుడికి స్వత్వం కలిగించడం దానం అనీ, తన స్వత్వాన్ని ఉపసంహరించుకోవడం వరకే జరిగితే అది త్యాగం అనీ శాస్త్రకారులు విడదీశారు. ఈ కొలతతో చూస్తే ఆట ఖాతా స్థితి విచిత్రంగా ఉంటుంది. ఆటగాళ్ల లోకవ్యవహారంలో అది అచ్చమైన సొత్తు; దాన్ని ‘నా ఐడీ’ అంటారు, డబ్బు పెట్టి అందులోకి ఆయుధాలనూ, ఆ ఆయుధాలకు తొడిగే స్కిన్‌లనూ కొంటారు. చేరేటప్పుడు అందరూ చదవకుండా ఒప్పుకునే నిబంధనల ప్రకారం మాత్రం ఆటగాడికి దక్కేది వాడుకునే అనుమతి మాత్రమే, అదీ సంస్థ ఎప్పుడైనా వెనక్కి తీసుకోగలిగినది.

ఆ అనుమతి ఎంత పలుచనిదో 2020లో భారతీయ ఆటగాళ్లకు అనుభవంలోకి వచ్చింది. ఆ ఏడాది సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం నిషేధించిన 118 యాప్‌లలో పబ్‌జీ మొబైల్ ఒకటి. అక్టోబరు 30న ఆ ఆట భారతీయులకు పూర్తిగా నిలిచిపోయింది. ఏళ్ల తరబడి కూడబెట్టుకున్న ర్యాంకులూ, కొనుక్కున్న దుస్తులూ ఒక్క ప్రకటనతో చేతికందకుండా పోయాయి. 2021 జులైలో అదే ఆట బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా పేరుతో తిరిగి వచ్చినప్పుడు, పాత ఖాతాలోని సమాచారాన్ని కొత్తదానిలోకి మార్చుకోవడానికి సమ్మతిస్తారా అని ఆటగాళ్లను అడిగింది. సమ్మతించినవారికి పాత సరంజామా కొత్త ఆటలో మళ్లీ దొరికింది. ఎనిమిది నెలల వియోగాన్ని వైరాగ్యమని ఎవరూ అనలేరు. బయటి శక్తి లాక్కున్నదాన్ని వదలడం అనడానికి వీల్లేదని, వదలడానికి కర్త ఉండాలని ఈ ఉదంతం తేటతెల్లం చేస్తుంది.

జైన దర్శనం ఈ చోట చాలా సూటిగా మాట్లాడుతుంది. ఉమాస్వాతి తత్త్వార్థసూత్రం పరిగ్రహాన్ని, అంటే వస్తువులను తనవిగా పట్టుకుని ఉండడాన్ని, మూర్ఛగా నిర్వచించింది. మూర్ఛ అంటే ఇక్కడ స్పృహ తప్పడం కాదు, ‘ఇది నాది’ అనే మమకారంలో మనసు మునిగిపోవడం. ఈ నిర్వచనం ప్రకారం వస్తువు దగ్గర లేకపోయినా పరిగ్రహం ఉండవచ్చు, వస్తువు దగ్గరున్నా లేకపోవచ్చు. పొలమో బంగారమో అయితే మమకారంతో పాటు నిజమైన స్వత్వం కూడా కలిసి ఉంటుంది కాబట్టి రెండింటినీ విడదీసి చూడడం కష్టం. ఆట ఖాతాలో చట్టపరమైన స్వత్వం దాదాపు శూన్యం, తాకదగిన వస్తువు అసలే లేదు. మిగిలేది మూర్ఛ ఒక్కటే. మమకారాన్ని దాని స్వచ్ఛమైన రూపంలో పరిశీలించాలనుకునే తాత్త్వికుడికి ఇంతకంటే మంచి ఉదాహరణ పూర్వకాలంలో దొరికి ఉండదు. ఖాతా మీది మోజు పిల్లల వ్యవహారమనీ, తత్త్వచర్చకు తగదనీ తోసిపుచ్చేవారు ఈ విషయాన్ని గమనించడం లేదు.

మూర్ఛ పోవాలంటే ఏం చేయాలన్న దగ్గర అభిప్రాయభేదం మొదలవుతుంది. భగవద్గీత రెండో అధ్యాయం ఆహారం మానినవాడికి విషయాలు దూరమైనా వాటి రసం, అంటే రుచి, మిగిలే ఉంటుందనీ, అది పరతత్త్వ దర్శనంతోనే తొలగుతుందనీ చెబుతుంది. మూడో అధ్యాయం మరింత కఠినంగా, ఇంద్రియాలను బిగబట్టి మనసులో విషయాలను తలపోసేవాణ్ని మిథ్యాచారుడని, అంటే బూటకపు నడవడి గలవాడని పిలుస్తుంది. ఆటను ఫోన్‌లోంచి తీసివేసి, ఆపై ఇతరులు ఆడే ఆటను యూట్యూబ్‌లో గంటల కొద్దీ చూసే యువకుడికి ఈ వర్ణన అక్షరాలా సరిపోతుంది. దీఘ నికాయంలోని బ్రహ్మజాల సుత్తం భిక్షువులు మానవలసిన ఆటలను ఏకరువు పెడుతూ, ఎనిమిది గళ్ల, పది గళ్ల వరుసల పలకలతో పాటు, పలకే లేకుండా గళ్లను ఊహించుకుని ఆడే ఆటను కూడా చేర్చింది. వస్తువు లేకపోయినా ఆట సాగగలదని గుర్తించి, దాన్ని సైతం పేరు పెట్టి నిషేధించిన ఆ జాగ్రత్త అబ్బురపరుస్తుంది.

నిర్ణయం ఎంత బలహీనమో చెప్పడంలో ఋగ్వేదం పదో మండలంలోని 34వ సూక్తాన్ని మించినది లేదు. అక్ష సూక్తంగా పేరొందిన ఆ 14 మంత్రాల్లో మాట్లాడేవాడు ఒక జూదరి. ఇకపై ఆడబోనని నిశ్చయించుకుని కూడా పాచికల చప్పుడు చెవిన పడగానే అతడు మళ్లీ అటే నడుస్తాడు. త్రిఫల చూర్ణంలో కలిపే తానికాయలే ఆ కాలపు పాచికలు. నేటి ఆటలు ఆ చప్పుడును యాదృచ్ఛికంగా వదిలిపెట్టవు. రోజూ లాగిన్ అయితేనే దక్కే బహుమతులు, నిర్ణీత గడువుతో ముగిసే సీజన్‌లు, తెర మీద మోగే నోటిఫికేషన్‌లు ఆ పిలుపును వేళ ప్రకారం పంపుతుంటాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022 జనవరి 1 నుంచి అమల్లోకి తెచ్చిన వ్యాధుల వర్గీకరణలో గేమింగ్ డిజార్డర్‌ను చేర్చి, ఆటపై అదుపు తప్పడం, ఇతర పనుల కంటే దానికే ప్రాధాన్యం పెరగడం, నష్టం కళ్లెదుట కనిపిస్తున్నా కొనసాగించడం దాని లక్షణాలుగా పేర్కొంది. సూక్తంలోని జూదరి తన భార్య దూరమైందని, అత్త ద్వేషిస్తోందని వాపోతూనే మళ్లీ జూదశాలకు వెళ్లడంలో ఈ మూడూ కనిపిస్తాయి.

గీతలోని హెచ్చరికను పట్టుకుని, మనసు మారనిదే ఖాతా తీసేసి ప్రయోజనం లేదని వాదించేవారున్నారు. ఆ వాదం గంభీరంగా వినిపిస్తుంది గానీ అందులో ఒక లోపం ఉంది. మిథ్యాచారుడన్న నింద తన లోపలి తలపోతను దాచిపెట్టి, నిగ్రహవంతుడినని లోకానికి చాటుకునేవాడికి వర్తిస్తుంది. తన రుచి ఇంకా చావలేదని ఒప్పుకుని, అందువల్లనే వస్తువును దూరం చేసుకుంటున్నవాడికి వర్తించదు. పతంజలి చిత్తవృత్తుల నిరోధానికి అభ్యాసం, వైరాగ్యం అనే రెండింటినీ ఒకే సూత్రంలో జంటగా చెప్పాడు. వైరాగ్యం పరిపూర్ణమైన తరువాతే అభ్యాసం మొదలుపెట్టమనలేదు. మనసు ముందు మారాలన్న షరతు చాలాసార్లు ఏమీ మార్చుకోకుండా ఉండడానికి దొరికే గౌరవప్రదమైన సాకుగా పరిణమిస్తుంది.

బయటి క్రియకు తనదైన శక్తి ఉందని చాటే కథ పాలి జాతకాల్లో ఉంది. 70వదైన కుద్దాల జాతకంలో బోధిసత్త్వుడు కాశీలో తోటమాలి. మొద్దుబారిన ఒక పారతో నేల తవ్వి, కూరగాయలు పండించి, వాటిని అమ్ముకుని బతుకుతాడు. సంసారం వదిలి తపస్సుకు వెళతాడు, కానీ ఆ పార గుర్తుకొచ్చి తిరిగి వస్తాడు. ఒకసారి కాదు, ఆరుసార్లు అలాగే జరుగుతుంది. ఏడోసారి అతడు తన ఓటమికి కారణం ఆ మొద్దు పారేనని గ్రహించి, నది ఒడ్డుకు వెళ్లి, పిడి పట్టుకుని తల చుట్టూ మూడుమార్లు తిప్పి, కళ్లు మూసుకుని నది నడుమకు విసిరేస్తాడు. కళ్లు మూసుకోవడానికి కారణాన్ని కథ దాచలేదు: పడిన చోటు కనిపిస్తే మళ్లీ వచ్చి వెదకాలనిపిస్తుంది. ఆపై గెలిచానంటూ అతడు వేసిన కేకలు, సరిహద్దు తిరుగుబాటును అణచి అటుగా వస్తున్న కాశీరాజు చెవిన పడతాయి. తాను యుద్ధం గెలిచి వస్తుంటే ఈ తోటమాలి గెలిచినదేమిటో తెలుసుకోవాలని రాజు అతణ్ని పిలిపిస్తాడు.

ఈ కథలో ఆలోచించదగిన అంశాలు చాలా ఉన్నాయి. తోటమాలిని వెనక్కి లాగినది ధనం కాదు, బంధువులు కాదు, పదును పోయిన పనిముట్టు. మమకారానికి వస్తువు విలువతో నిమిత్తం లేదని చెప్పడానికి జాతకకర్త కావాలనే అంత అల్పమైన వస్తువును ఎంచుకున్నాడు. ఆరుసార్లు తిరిగి వచ్చినా ఆ ఆరు ప్రయత్నాలనూ కథ ఎగతాళి చేయలేదు. అన్నిటికంటే ముఖ్యంగా, పార విసిరే సమయానికి అతడికి పార మీది ఇష్టం పోలేదు. పోయి ఉంటే కళ్లు మూసుకోవలసిన పనే లేదు. రుచి మిగిలి ఉండగానే, ఆ రుచి రేపు తనను ఎలా మోసగిస్తుందో ముందే ఊహించి, తిరిగి వచ్చే దారిని ఈరోజే మూసేయడం అతడి వివేకం. లాగౌట్ చేసి పాస్‌వర్డ్‌ను జాగ్రత్తగా దాచుకున్నవాడు పారను పెరట్లో పెట్టి తపస్సుకు వెళ్లినట్లే. గూగుల్ ఖాతా సెట్టింగులలోకి వెళ్లి, ఆటకు ఇచ్చిన అనుమతిని వెతికి పట్టుకుని, ముడి విప్పినవాడు ఒక అడుగు ముందున్నాడు. అయినా ఆట ఖాతా సర్వర్లో ఉన్నంతకాలం, సంస్థ సహాయ విభాగానికి పాత వివరాలు రాసి దాన్ని తిరిగి పొందే అవకాశం ఎంతో కొంత ఉంటుంది. డిలీట్ కోరినవాడే నది ఒడ్డున నిలబడ్డాడు.

అయితే తిరుగులేని త్యాగమే త్యాగమని, తక్కినదంతా వ్యర్థమని సంప్రదాయం అనలేదు. సన్న్యాసం విషయంలో నియమం కఠినమే. పై ఆశ్రమానికి చేరినవాడు మళ్లీ కిందికి దిగడానికి వీల్లేదని బ్రహ్మసూత్రాల మూడో అధ్యాయం నాలుగో పాదం నిర్ణయించింది. గృహస్థుల దగ్గరికి వచ్చేసరికి లెక్క మారుతుంది. జైన ఆచార్యుడు సమంతభద్రుడు రత్నకరండ శ్రావకాచారంలో భోగవస్తువులను మానడాన్ని రెండు విధాలుగా విభజించి, కాలపరిమితితో మానడాన్ని నియమమనీ, జీవితాంతం మానడాన్ని యమమనీ పేర్కొన్నాడు, రెండూ వ్రతాలే. తెలుగునాట ఈ రెండూ నేటికీ కళ్లెదుట ఉన్నాయి. అయ్యప్ప మాల వేసుకున్నవారు 41 రోజుల దీక్షలో ఎన్నో అలవాట్లను మానివేసి, మాల విరమణ తరువాత వాటిలో కొన్నింటికి తిరిగి వెళతారు. కాశీకి వెళ్లినవారు ఇష్టమైన ఒక పండునో కూరనో గంగలో వదిలి వచ్చి, బతికినంతకాలం దాన్ని మళ్లీ ముట్టరు; ఇష్టం లేనిది వదిలితే అది వదలడం కిందికి రాదని పెద్దలు అంటారు. పరీక్షల కోసం రెండు నెలలు ఆటను తీసివేసే విద్యార్థి చేస్తున్నది నియమం; దాన్ని నియమంగా గుర్తెరిగి, గడువు పెట్టుకుని చేసినంతవరకూ అందులో దోషం లేదు. గడువు లేని నియమాన్ని యమమని భ్రమించినప్పుడే చిక్కు వస్తుంది.

వదలనక్కర లేని మూడో మార్గమొకటి మహాభారతంలో నలుడి కథ చూపుతుంది. తెలుగు భారతంలో నన్నయ రచించిన అరణ్యపర్వ భాగంలో వచ్చే ఈ కథలో కలిపురుషుడు ఆవేశించిన నలుడు సోదరుడు పుష్కరుడితో ఆడిన జూదంలో రాజ్యం పోగొట్టుకుని, తరువాత ఋతుపర్ణ మహారాజు దగ్గర సారథిగా ఉంటూ అక్షహృదయం అనే విద్యను, అంటే పాచికల రహస్యాన్ని నేర్చుకుంటాడు. ఋతుపర్ణుడు ఒక తానిచెట్టు ఆకులనూ కాయలనూ చూపుతోనే లెక్కగట్టి తన సంఖ్యాజ్ఞానాన్ని నిరూపిస్తాడు. ఆ విద్య అందగానే కలి నలుణ్ని విడిచి ఆ చెట్టులోకే ప్రవేశిస్తాడు. నలుడు జూదాన్ని మానలేదు, మళ్లీ ఆడి పుష్కరుడి దగ్గర రాజ్యాన్ని గెలుచుకున్నాడు. అతణ్ని విడిపించినది దూరం కాదు, సంఖ్యాజ్ఞానం. లోపల ఏముందో తెలియకుండా డబ్బు పెట్టి కొనే లూట్ బాక్సులలో ఏ వస్తువు దక్కే అవకాశం ఎంతో ముందే చెప్పాలని ఆపిల్ 2017 డిసెంబరులో తన యాప్ స్టోర్‌లో నియమం పెట్టడం వెనుక కూడా ఇటువంటి ఆశే ఉంది. ఆ ఆశ కొంతవరకే నెరవేరుతుంది. నలుడు లెక్కించిన కాయలు చెట్టున కదలకుండా ఉన్నాయి. నేటి ఆటలో అవకాశాల పట్టికను నిర్ణయించేదీ, మార్చగలిగేదీ ఎదుటి పక్షమే. నలుడి మార్గం అసాధ్యమని అనలేం గానీ, దాన్ని ఎంచుకున్నామని చెప్పుకునేవారిలో చాలామందికి అక్షహృదయం ఇంకా చేతికి రాలేదనడం న్యాయం.

డిలీట్ చేసే బదులు ఖాతాను అమ్మివేసే పద్ధతి ఆటగాళ్లలో ఉంది. ఇది సాధారణంగా సంస్థల నిబంధనలకు విరుద్ధం. ఆ సంగతి అటుంచినా, శాస్త్రదృష్టితో ఇది దానమూ కాదు, త్యాగమూ కాదు. తనకు హానికరమని తేల్చుకున్నదాన్ని మరొకరికి, తరచుగా తనకంటే చిన్నవాడికి, వెల కట్టి అంటగట్టడాన్ని వైరాగ్యంతో ముడిపెట్టడం తగదు. దీనికి పూర్తిగా భిన్నమైనది తోటి ఆటగాళ్ల పట్ల ఉన్న కర్తవ్యం. క్లాన్ అంటే కలిసి ఆడే యాభై మంది వరకూ ఉండే జట్టు. దానికి నాయకుడిగా ఉన్నవాడు చెప్పకుండా మాయమైతే తక్కినవారు ఇబ్బందిపడతారు. సన్న్యాసం తీసుకోబోయేవాడు ముందు తన ఋణాలను తీర్చుకోవాలనీ, పోషించవలసినవారికి ఏర్పాట్లు చేయాలనీ ప్రాచీన శాస్త్రాలు విధించాయి. నాయకత్వాన్ని మరొకరికి అప్పగించి, ఒక్కమాట చెప్పి వెళ్లడం ఆ విధికి ఈనాటి చిన్న రూపం. ఆట ఊహాలోకానిదే అయినా, అందులో కలిసినవారు నిజమైన మనుషులు.

ఈ విషయంలో చట్టమూ, సాంకేతిక సంస్థలూ ఇటీవల కొంత ముందుకు వచ్చాయి. యాప్‌లోనే ఖాతా తెరిచే వీలున్నప్పుడు యాప్‌లోనే దాన్ని తొలగించమని కోరే వీలు కూడా ఉండాలని ఆపిల్ 2022 జూన్ 30 నుంచి పట్టుబట్టింది, గూగుల్ మరుసటి ఏడాది అదే బాట పట్టింది. భారతదేశపు 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం, ఇచ్చిన సమ్మతిని వెనక్కి తీసుకోవడం ఇవ్వడమంత సులువుగా ఉండాలని నిర్దేశించింది. దాని కింద 2025 నవంబరులో వెలువడి దశలవారీగా అమల్లోకి రావలసిన నిబంధనలు, 50 లక్షలకు తగ్గని నమోదిత వాడుకరులున్న ఆన్‌లైన్ గేమింగ్ సంస్థలు మూడేళ్లపాటు తమవైపు రాని వాడుకరి వ్యక్తిగత సమాచారాన్ని చెరిపివేయాలనీ, అందుకు కనీసం 48 గంటల ముందు అతడికి తెలియజేయాలనీ చెబుతున్నాయి. ఖాతాలోకి తిరిగి ప్రవేశించడానికి అవసరమైన సమాచారాన్ని మాత్రం ఆ నియమం నుంచి మినహాయించాయి. ఖాతా పూర్తిగా పోవాలంటే తొలగించమన్న కోరిక ఆటగాడి నుంచే రావాలి. అది అందాక కొన్ని రోజులో వారాలో గడువు ఇచ్చి, ఆలోపు ఒక్కసారి లాగిన్ అయినా ఆ కోరిక రద్దయ్యే ఏర్పాటు అనేక ఆటల్లో ఉంది కనుక, ఆ గడువు ముగిసేదాకా అతడు తన నిర్ణయాన్ని ప్రతిరోజూ మళ్లీ తీసుకోవలసి ఉంటుంది.